రాయీ రప్పా – ఈ నెల మారిషస్

పోయిన నెల ఈ శీర్షికలో ఒక ఫొటో వేసి, కొండకొమ్ము మీద గుండురాయి నిలబడి ఉన్న ఈ చోటు ఏ దేశంలోదో చెప్పమన్నాను. అది మారిషస్‌లోని పీటర్ బోథ్ కొండ. జవాబు రాసినవాళ్లకంటే ఎదురు ప్రశ్నలు వేసినవాళ్లే ఎక్కువ. దాంతో ఈ నెల పేజీలన్నీ ఆ దేశానికే ఇచ్చేశాను. మా అమ్మాయి అక్కడ ఉద్యోగం చేసిన రోజుల్లో వెళ్లి ఉండేదాన్ని. ఇంట్లోవాళ్లు బీచ్ అంటే, నేను రోడ్డు కోసం కొండ తవ్విన చోట కారు ఆపమనేదాన్ని. భూగర్భశాస్త్రం పాఠాలు చెప్పి రిటైరైనవాళ్లతో ప్రయాణాలు ఇలాగే ఉంటాయి మరి.

ప్రశ్న: పెళ్లయ్యాక మారిషస్ వెళ్దామని టికెట్లు తీసుకున్నాం. అది అగ్నిపర్వతాల దీవి అని మా అత్తయ్యగారు ఎక్కడో చదివారట. ‘మీరు ఉన్నప్పుడు పేలితే?’ అని ఇంట్లో ఒకటే టెన్షన్. నిజంగా ప్రమాదం ఉందా మేడం?
– కొత్త కోడలు, భీమవరం

మీ అత్తయ్యగారు చదివింది నిజమే తల్లీ. భయం మాత్రం అక్కర్లేదు.

మారిషస్ మొత్తం అగ్నిపర్వతం కట్టిన దీవే. సముద్రం అడుగు నుంచి లావా పొర మీద పొర పోసుకుంటూ పైకి లేచింది. నీళ్లపైన మనకు కనిపించే రాళ్లలో పాతవాటి వయసు 90 లక్షల ఏళ్ల లోపే. ఆ పని ఒక్క ఊపులో జరగలేదు. మొదటి విడతలో పెద్ద కొండ లేచింది. చాలాకాలం చల్లారింది. సుమారు 35 లక్షల ఏళ్ల కిందట రెండో విడత మొదలై, అదీ ఆగింది. గత 10 లక్షల ఏళ్లలో మూడో విడత లావా వచ్చి దీవిలో సగానికి పైగా నేలను కప్పేసింది. ఆఖరి లావా పారి కొన్ని పదుల వేల ఏళ్లయింది. నాబోటివాళ్ల లెక్కలో అది మొన్నే కాబట్టి ‘ఇక ఎప్పటికీ రాదు’ అని రాసివ్వలేను. మీ సెలవుల్లో మాత్రం రాదు.

ఇప్పటికీ మండుతున్నది పక్క దీవి రీయూనియన్. మారిషస్‌కు పడమరగా 200 కి.మీ. దూరంలో ఉంది, ఫ్రాన్స్ వాళ్లది. అక్కడి పితోన్ ద ల ఫూర్నేజ్ ప్రపంచంలో అతి చురుకైన అగ్నిపర్వతాల్లో ఒకటి. చాలా ఏళ్లు ఏడాదికోసారైనా లావా కక్కుతుంది. 2007 ఏప్రిల్‌లో అయితే లోపలి లావా ఖాళీ అయిపోయి శిఖరం మీది బిలం అడుగు 300 మీటర్లకు పైగా కిందికి కూలిపోయింది. అయినా ఆ లావా చాలావరకు జనం లేని వైపే పారుతుంది. దాన్ని చూడ్డానికి జనం పనిగట్టుకుని వెళ్తారు కూడా.

వెళ్తున్నారు కాబట్టి ఒక మాట. దీవి నడిమధ్యన క్యూర్‌పిప్ అనే ఊరుంది. ఆ ఊళ్లోనే, ఇళ్ల మధ్యలో, ట్రూ ఓ సెర్ అనే అగ్నిపర్వత బిలం ఉంది. 300 మీటర్ల పైచిలుకు వెడల్పు, 80 మీటర్లకు తగ్గని లోతు. లోపలంతా చెట్లు, అడుగున కాస్త నీరు. అంచు చుట్టూ రోడ్డు వేశారు. పొద్దున్నే ఊళ్లోవాళ్లు దాని మీద వాకింగ్ చేస్తుంటారు. మబ్బు లేని రోజున ఆ అంచు మీద నిలబడి ఒక్కసారి చుట్టూ తిరిగి చూడండి. దూరంగా కొండలు దీవిని చుట్టేసినట్టు వరసలుగా ఉంటాయి. ఉత్తరాన మోకా వరస, ఆగ్నేయాన గ్రాన్ పోర్ వరస, నైరుతిలో బ్లాక్ రివర్ కొండలు. వాటి నిటారు గోడలు లోపలి వైపుకు ఉంటాయి, వాలు సముద్రం వైపుకు. మొదటి విడతలో లేచిన మహాపర్వతం నడుమ కూలి, వానలకు అరిగి, మిగిలిన అంచు ముక్కలే ఈ కొండలు. అందులో ఎత్తైనది బ్లాక్ రివర్ శిఖరం, 828 మీటర్లు. మనం ఫొటో వేసిన పీటర్ బోథ్, దాని పక్కన బొటనవేలు పైకెత్తినట్టుండే ల పూస్, రెండూ దానికి కొద్దిగా తక్కువ.

1836 ఏప్రిల్ చివర్లో చార్లెస్ డార్విన్ ఎక్కిన ఓడ ఇక్కడ ఆగింది. ఆయన ల పూస్ ఎక్కి చూసి, ఈ కొండలన్నీ ఒకే పాత అగ్నిపర్వతం తాలూకు వలయమని గుర్తుపట్టారు. అప్పటికి ఆ దీవిలో ఉన్నది ఒకే ఒక్క ఏనుగు. సర్వే అధికారి దాన్ని పంపితే ఎక్కి తిరిగారట కూడా. ఇంత చెప్పినా మీరు బీచ్‌లోనే కూర్చుంటారని తెలుసు. ఒక్క పూటైనా క్యూర్‌పిప్‌కు కేటాయించండి. గొడుగు మర్చిపోకండి, ఆ ఊళ్లో వాన ఎప్పుడు పడితే అప్పుడే.

ప్రశ్న: ఫీల్డ్ ట్రిప్‌లో మా సార్ అనంతగిరి గుట్టల దగ్గర నల్లరాయి చూపించి, ‘దీన్ని పుట్టించిన మంటే మారిషస్‌నూ పుట్టించింది’ అన్నారు. మధ్యలో అంత సముద్రముంది కదా మేడం, ఎట్లా కుదురుతుంది?
– డిగ్రీ విద్యార్థి, వికారాబాద్

మీ సార్ సరిగ్గానే చెప్పారు బాబూ. ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో నాకు బాగా నచ్చిన ప్రశ్న ఇదే.

కుట్టుమిషన్ ముందు కూర్చున్న టైలర్‌ని చూశావు కదా. సూది ఉన్నచోటే ఉండి పైకీ కిందికీ ఆడుతుంది, బట్ట ముందుకు జరుగుతుంది, వెనక కుట్ల వరస పడుతుంది. భూమి లోతుల్లో కొన్నిచోట్ల అలాంటి సూదులున్నాయి. అక్కడి నుంచి వేడి రాయి కోట్ల ఏళ్లపాటు పైకి పొంగుతూనే ఉంటుంది. పైన ఉన్న భూఫలకం, అంటే భూమి పై పెంకులోని పెద్ద పలక, జరుగుతూ పోతుంది. మనం చెప్పుకునే సూది పేరు రీయూనియన్ హాట్‌స్పాట్.

సుమారు 6.6 కోట్ల ఏళ్ల కిందట ఆ సూది మీద ఉన్నది మన దేశపు పడమటి భాగం. అప్పటికి ఇండియా ఇంకా ఆసియాకు తగల్లేదు, హిందూ మహాసముద్రంలో ఒంటరి భూభాగం. భూమి చీలి లావా వరదలుగా పారింది. ఒక కొండ మీద బిలం నుంచి కాదు, మైళ్ల పొడవున్న పగుళ్ల నుంచి. అదే దక్కన్ ట్రాప్స్. అరిగిపోగా ఇప్పటికీ 5 లక్షల చదరపు కిలోమీటర్లు మిగిలింది. మహాబలేశ్వర్ వైపు దాని మందం కిలోమీటర్లలో ఉంటుంది. ఆదిలాబాద్, జహీరాబాద్, మీ వికారాబాద్ ఆ పొరకు తూర్పు అంచులు. అందుకే మీ గుట్టలు అంత మట్టసంగా, మెట్లు మెట్లుగా ఉంటాయి. అంచు దాటి హైదరాబాద్ వైపు వస్తే నల్లరాయి పోయి గ్రానైట్ గుండ్లు మొదలవుతాయి.

ఆ కాలంలో ఇండియా ఉత్తరానికి పరుగులే తీసింది, ఏడాదికి 15 సెంటీమీటర్లకు తగ్గకుండా. ఇప్పుడు 5 దాకా ఉంటుంది. బట్ట జరిగేకొద్దీ వెనక కుట్లు పడ్డాయి. లక్షదీవులు, మాల్దీవులు, వాటికి దక్షిణాన చాగోస్ దీవులు, వీటి కింద ఉన్న అగ్నిపర్వతాల వరస అదే. పైన కనిపించేది పగడపు సున్నం, కింద ఉన్నది లావా. 1987లో ఓడ మీద నుంచి సముద్రం అడుగున తొలిచి తీసిన రాళ్లకు వయసు కట్టారు. మాల్దీవుల దగ్గర సుమారు 5.7 కోట్ల ఏళ్లు, చాగోస్ దగ్గర 4.9 కోట్లు. దక్షిణానికి పోయేకొద్దీ వయసు తగ్గుతోంది చూశావా?

ఆ తర్వాత ఒక మెలిక ఉంది. హిందూ మహాసముద్రం నడుమ నేల రెండుగా చీలి, చెరో పక్కకు విస్తరించే గట్టు ఒకటుంది. సుమారు 4 కోట్ల ఏళ్ల కిందట ఆ గట్టు హాట్‌స్పాట్‌ను దాటిపోయింది. అంటే సూది అదే, పైన బట్ట మారిపోయింది. ఇండియా ఫలకం వెళ్లిపోయి ఆఫ్రికా వైపు ఫలకం వచ్చింది. కొత్త బట్ట మీద పడిన కుట్లలో మారిషస్ ఒకటి, రీయూనియన్ ఆఖరుది. అందుకే ఒకే వరసలో పుట్టినవి ఈరోజు సముద్రానికి చెరోవైపు ఉన్నాయి, నీ గుట్టకూ ఆ దీవికీ మధ్య నాలుగున్నర వేల కిలోమీటర్లు. ఈ కథలో కొన్ని వివరాల మీద శాస్త్రవేత్తలు ఇప్పటికీ వాదించుకుంటున్నారు. సూది అంత కదలకుండా ఉందా అనేది అందులో ఒకటి. మొత్తం మీద వరస మాత్రం నిలబడింది.

నీ దగ్గర అనంతగిరి రాయి ముక్క ఉంటే బయటికి తియ్యి. అందులో గింజంత తెల్లటి మచ్చలు కనిపిస్తాయి, గోటితో గీకితే కొన్ని రాలతాయి కూడా. లావా చల్లబడేటప్పుడు గాలి బుడగలు చిక్కుకున్న చోట్లు అవి. కోట్ల ఏళ్లుగా ఊరిన నీళ్లు తెచ్చిన జియోలైట్, క్వార్ట్జ్ లాంటి ఖనిజాలు ఆ బుడగల్లో నిండిపోయాయి. మారిషస్‌లో చివరి విడత లావా రాయి చేతిలోకి తీసుకుంటే ఆ బుడగలు ఖాళీగా ఉంటాయి. వేలి కొన గరుకుగా తగులుతుంది. లోపల ఆవగింజలంత పచ్చటి పలుకులు మెరుస్తాయి, అవి ఆలివిన్. బయటి గాలి తగిలిన వైపు ఆ పచ్చదనం తుప్పురంగుకు మారిపోయి ఉంటుంది. రెండూ బసాల్టే, అంటే లావా గడ్డకట్టిన నల్లరాయే, రెండింటి వెనకా ఒకే వేడి. ఒకటి పాతబడి బుడగలు నింపుకుంది, రెండోదానికి ఇంకా టైం చాల్లేదు.

మా రాజమండ్రి పక్కన కాటేరు, నదికి అవతల పంగిడి, దుద్దుకూరు వైపు క్వారీల్లో కొట్టే నల్లకంకర కూడా ఆ కుటుంబమే. పడమటి కనుమల వైపు నుంచి దాదాపు వెయ్యి కిలోమీటర్లు లోయలు పట్టుకుని పారి అప్పటి సముద్రతీరానికి చేరిన లావా అని చాలామంది అంటారు. రెండు లావా పొరల మధ్య సున్నపురాయిలో గవ్వల అవశేషాలు దొరుకుతాయి. దాని గురించి ఇంకో నెల రాస్తాను, ఇప్పుడు మొదలుపెడితే మారిషస్ మిగిలిపోతుంది.

ప్రశ్న: లావా దీవి అయితే ఇసుక నల్లగా ఉండాలి కదా. ఫొటోల్లో పాలలా తెల్లగా ఉందేమిటి?
– గృహిణి, ఖమ్మం

ఆ ఇసుక రాయి నుంచి వచ్చింది కాదండీ. పగడపు జీవులు, గవ్వలు చచ్చి పొడి అయిన సున్నం అది. దీవి చుట్టూ సుమారు 150 కి.మీ. పొడవున పగడపు దిబ్బ కంచెలా ఉంది. పెద్ద అలలు దాని మీద విరిగిపోతాయి, లోపల నీళ్లు చెరువులా నిలకడగా ఉంటాయి. ఆ నిలకడ నీళ్లలోనే తెల్ల ఇసుక పోగుపడుతుంది. దక్షిణాన సుయాక్ దగ్గర గ్రీ గ్రీ అనే చోట ఆ కంచె తెగిపోయింది. అక్కడ సముద్రం నేరుగా నల్లటి రాతిగోడకు కొట్టుకుంటుంది. దిగి ఈదడానికి పనికిరాదు. నన్నడిగితే ఆ దేశంలో చూడాల్సిన తీరం అదే. మిగతా బీచ్‌లు బాగుంటాయి, కాదనను, కానీ అవి అగ్నిపర్వతాన్ని మనకు కనిపించకుండా దాచేస్తాయి.

ప్రశ్న: షమరెల్‌లో ఏడు రంగుల మట్టి ఉందట. మా భీమిలి ఎర్రమట్టి దిబ్బల లాంటిదేనా?
– బ్యాంక్ ఉద్యోగి, విశాఖపట్నం

చూడ్డానికి అక్కచెల్లెళ్లే, పుట్టుక మాత్రం వేరండీ. మీ ఎర్రమట్టి దిబ్బలు సముద్రమూ గాలీ వాగులూ తెచ్చిపోసిన ఇసుక. గింజగింజకూ ఇనుప తుప్పు పట్టి ఎర్రబడింది. అంటే సరుకు వేరేచోటి నుంచి వచ్చింది. షమరెల్ మట్టి ఎక్కడికీ వెళ్లలేదు, ఎక్కడి నుంచీ రాలేదు. అక్కడి లావా రాయే ఉన్నచోట కుళ్లిపోయింది. వేడి, వాన కలిసి రాయిలో కరిగే సరుకంతా కడిగేస్తే చివరికి మిగిలేవి ఇనుము, అల్యూమినియం ఆక్సైడ్‌లు. వాటి పాళ్లు మారినప్పుడల్లా రంగు మారుతుంది. ఎరుపు, గోధుమ, పసుపు, కాస్త ఊదా. మొక్కకు కావాల్సిందేదీ అందులో మిగల్లేదు కాబట్టి గడ్డి కూడా మొలవదు. వానకు గట్లు గట్లుగా కోసుకుపోయి అలల్లా కనిపిస్తుంది. రంగులు లెక్కపెడితే నాకు ఏడు రాలేదు. మా మనవడికి తొమ్మిది వచ్చాయి.

ఒక సంగతి మాత్రం మెచ్చుకోవాలి. అక్కడ దిబ్బల చుట్టూ కట్టె కంచె వేశారు. చూడ్డమే తప్ప తొక్కడం లేదు. ఎర్రమట్టి దిబ్బలను 2014లో జాతీయ భూవారసత్వ స్థలంగా గుర్తించాం, మనం మాత్రం వాటి మీదెక్కి సెల్ఫీలు దిగుతున్నాం.

ప్రశ్న: మారిషస్‌లో సముద్రం లోపల జలపాతం ఉందని వాట్సాప్‌లో వీడియో వచ్చింది. నిజమేనా?
– రిటైర్డ్ టీచర్, కర్నూలు

వీడియో నిజం, జలపాతం అబద్ధం మాస్టారూ. నైరుతి మూల ల మోర్న్ కొండ పక్కన లోతు తక్కువున్న అరుగు ఒక్కసారిగా తెగి సముద్రం లోతుల్లోకి దిగిపోతుంది. ప్రవాహాలకు ఇసుక, ఒండ్రు ఆ అంచు మీద నుంచి కిందికి జారుతుంటుంది. హెలికాప్టర్‌లోంచి చూస్తే లేత రంగు చారలు ముదురు నీలంలోకి దూకుతున్నట్టు ఉంటాయి. ఒడ్డున నిలబడితే ఏమీ కనిపించదు.

ప్రశ్న: మారిషస్ కింద మునిగిపోయిన ఖండం దొరికిందని చదివాను. పాత గ్రంథాల్లో చెప్పిన లెమూరియా ఇదేనని మా మిత్రుడి వాదన. మీరేమంటారు?
– న్యాయవాది, నెల్లూరు

మీ మిత్రుడు సగం దూరం సరైన దారిలోనే వచ్చారు, అక్కడి నుంచి దారి తప్పారు.

దొరికింది జిర్కాన్ అనే ఖనిజపు గింజలు, కంటికి ఆనీ ఆననంత చిన్నవి. జిర్కాన్‌లో యురేనియం చిక్కుకుని ఉంటుంది. అది మెల్లగా సీసంగా మారుతుంది కాబట్టి ఎంత మారిందో కొలిస్తే గింజ వయసు తెలుస్తుంది. 2013లో మారిషస్ బీచ్ ఇసుకలో 66 కోట్ల నుంచి 197 కోట్ల ఏళ్ల నాటి జిర్కాన్‌లు దొరికాయని ఒక బృందం ప్రకటించింది. దీవి వయసే కోటి ఏళ్లు లేదు, ఇవెక్కడివి? ఇసుక కదా, గాలికో ఓడల్లోనో వచ్చి ఉంటాయని, మనుషుల బూట్లకు అంటుకుని వచ్చాయని కూడా అనుమానాలొచ్చాయి. న్యాయవాదులు మీరు, ఇలాంటి సాక్ష్యాన్ని మీరూ ఒప్పుకోరు. 2017లో జోహన్నెస్‌బర్గ్‌లోని విట్స్ యూనివర్సిటీకి చెందిన లూయిస్ ఆష్వాల్, ఆయన తోటివాళ్లు ఇసుక వదిలేసి రాయినే పట్టుకున్నారు. దీవిలోని ట్రాకైట్ అనే లావా రాయి వయసు 57 లక్షల ఏళ్లు. దాని కడుపులో 250 కోట్ల నుంచి 300 కోట్ల ఏళ్ల నాటి జిర్కాన్‌లు ఉన్నాయి. రాయిలో ఇరుక్కున్న గింజ బూటుకు అంటుకుని రాలేదు కదా. పైకి వస్తున్న లావా దారిలో ఏదో పాత ఖండపు ముక్కను గీసుకుంటూ వచ్చిందన్నమాట. ఇండియా, మడగాస్కర్ కలిసి ఉన్నప్పుడు వాటి మధ్య ఉన్న ముక్క అదని, విడిపోయేటప్పుడు చిరిగి సముద్రంలో ఉండిపోయిందని వాళ్ల వాదన. దానికి మారిషియా అని పేరు పెట్టారు. ఆ గింజల వయసు హైదరాబాద్ గ్రానైట్ వయసుకు దగ్గర్లో ఉండటం చూస్తే నాకు ఒళ్లు పులకరించింది.

లెమూరియా సంగతి వేరు. మడగాస్కర్‌లోనూ ఇండియాలోనూ ఒకే రకం జంతువుల అవశేషాలు ఎందుకున్నాయో తెలియక 19వ శతాబ్దంలో ఊహించిన వంతెన అది. ఖండాలే కదులుతాయని తెలిశాక దాని అవసరం తీరిపోయింది. మారిషియా విడిపోయినప్పటికి మనుషులు లేరు, మునిగిపోయిన నగరాలూ లేవు. మీ మిత్రుడితో కేసు మీరే గెలుస్తారు.

ప్రశ్న: మా ముత్తాతగారి అన్నగారు కోరంగి రేవులో ఓడెక్కి మారిషస్ చెరకు తోటలకు వెళ్లారని ఇంట్లో చెప్పుకుంటారు. తిరిగి రాలేదు. అక్కడి నేల ఎలాంటిది? వాళ్లు చేసిన పని ఎలా ఉండేది?
– రైతు, శ్రీకాకుళం జిల్లా

మీ ఇంట్లో చెప్పుకునేది నిజమై ఉండటానికి అన్ని అవకాశాలూ ఉన్నాయండీ. 1834 నుంచి 1920 దాకా ఒప్పంద కూలీలుగా దాదాపు 5 లక్షల మందిని ఆ దీవికి తెచ్చారు. మన విశాఖ, గంజాం, గోదావరి ప్రాంతాలవాళ్లు కోరంగి, విశాఖ, మద్రాసు రేవుల నుంచి వెళ్లారు. మొదటి రోజుల్లో ఒప్పందం 5 ఏళ్లు, జీతం నెలకు 5 రూపాయలు, పైన తిండి గింజలు.

మీరు రైతు కాబట్టి నేల గురించే చెబుతాను, మిగతాది మీకే అర్థమవుతుంది. బసాల్ట్ కుళ్లితే మన దక్కన్‌లో నల్లరేగడి అయింది, వాన తక్కువ కాబట్టి. అక్కడ వాన ఎక్కువ. సున్నం, మెగ్నీషియం కడుక్కుపోయి ఇనుము మిగిలి నేల ఎర్రగా, గోధుమరంగుగా తయారైంది. నీళ్లు నిలవవు, బురద తక్కువ, చెరకుకు సరిపోతుంది. చెరకును డచ్చివాళ్లు 1639లో తెచ్చారు. తర్వాత ఫ్రెంచివాళ్లు, 1810 నుంచి ఇంగ్లీషువాళ్లు దాన్ని దీవంతా పరిచారు.

అసలు కష్టం మట్టితో కాదు, రాళ్లతో. చివరి విడత లావా ఇంకా పూర్తిగా మట్టి కాలేదు. పైన అడుగున్నర మట్టి, అందులో గుమ్మడికాయంత నుంచి ఎద్దంత దాకా బండలు. నాగలి దిగదు. ముందు బండలు పెకలించాలి, దొర్లించాలి, ఒకచోట పేర్చాలి. ఆ తర్వాతే చెరకు. బానిసలు మొదలుపెట్టిన ఈ పని 1835లో బానిసత్వం రద్దయ్యాక మన కూలీల మీద పడింది. ఈరోజు దీవిలో ఎటు వెళ్లినా చెరకు చేల నడుమ నల్లరాళ్ల గోడలు, గుట్టలు కనిపిస్తాయి. ఒక గుట్ట దగ్గరికి వెళ్లి చూశాను. ఊరికే పారబోసింది కాదు. బయటి వరసలో పెద్ద రాళ్లు, చదునైన ముఖం బయటికి పెట్టి, మట్టీ సున్నం లేకుండా ఒకదానికొకటి బిగించి కట్టారు. చిన్నరాళ్లు లోపలికి నింపారు. సందుల్లో ఫెర్న్ మొక్కలు మొలిచాయి. కొన్ని రాళ్ల అంచు ఎర్రగా పొట్టు రాలుతోంది. ఇంకొన్ని వేల ఏళ్లు వదిలేస్తే అవే మట్టి అయ్యేవి. అంతదాకా ఆగే తీరిక దొరలకు లేదు.

విమానాశ్రయానికి దగ్గర్లో ప్లెన్ మాన్యెన్ వైపు ఇలాంటి గుట్టలు కొన్ని మెట్లు మెట్లుగా, పిరమిడ్ల ఆకారంలో ఉన్నాయి. ఏదో ప్రాచీన నాగరికత కట్టిందని ప్రచారం చేసేవాళ్లున్నారు. నాకు చిరాకు తెప్పించే మాట అది. వాటిని కట్టినవాళ్ల మునిమనవలు ఆ దీవిలోనే ఉన్నారు, ఎవరో తెలియని నాగరికతను వెతకడం దేనికి?

పోర్ట్ లూయీ రేవులో ఆప్రవాసీ ఘాట్ ఉంది, 2006 నుంచి యునెస్కో వారసత్వ స్థలం. ఓడ దిగినవాళ్లు ఎక్కిన 16 మెట్లు అక్కడ మిగిలాయి, అవీ నల్లరాయే. మోకా ఊళ్లో ఉన్న మహాత్మా గాంధీ సంస్థలో కూలీల రికార్డులు భద్రపరిచారు, ఓడ పేరు, ఊరు, తండ్రి పేరుతో సహా. మీకు ఆ పెద్దాయన పేరు, వెళ్లిన కాలం ఉజ్జాయింపుగా తెలిస్తే రాసి పంపి చూడండి. ఉగాది ఆ దేశంలో ప్రభుత్వ సెలవు. తెలుగు మాట్లాడటం తగ్గినా ఆ పండగ మాత్రం వదల్లేదు.

ప్రశ్న: గంగా తలావ్ అగ్నిపర్వత బిలమా? దానికి అడుగు లేదంటారు. అంత వాన పడే దేశంలో నీళ్ల కొరత ఎందుకో కూడా చెప్పండి.
– విశ్రాంత ఇంజినీర్, వరంగల్

బిలమేనండీ. లావా వచ్చిన నోరు చల్లారాక వాననీటితో నిండింది. శివరాత్రికి ఊళ్ల నుంచి జనం కాలినడకన కావళ్లు మోసుకొస్తారు. 1972లో మన గంగాజలం తెచ్చి అందులో కలిపారు కూడా. అడుగు ఉంది, మరీ లోతు కూడా కాదు. అలాంటి సరస్సు ఇంకొకటి బాసెన్ బ్లాన్ అడవిలో ఉంది, అక్కడికి పెద్దగా ఎవరూ వెళ్లరు.

నీళ్ల సంగతి ఇంజినీర్లకు తగ్గ ప్రశ్న. ఆగ్నేయ గాలులు నడిమి పీఠభూమి ఎక్కి ఏడాదికి 4000 మి.మీ. దాకా కురిపిస్తాయి. కొండలు దాటి పడమటి తీరానికి దిగేసరికి 900 మి.మీ. మిగులుతుంది. రెండు చోట్ల మధ్య దూరం మన లెక్కలో పక్క మండలం. దీవి పొడవే 65 కి.మీ., రాజమండ్రి నుంచి కాకినాడ వెళ్లినంత. పడ్డ వాన కూడా పైన నిలవదు. కొత్త లావా నిండా పగుళ్లు, బుడగలు, సొరంగాలు. పైన గట్టిపడిన లావా కింద ఇంకా పారే లావా ఖాళీ అయిపోతే గుహ మిగులుతుంది, ఈశాన్యంలో రోష్ న్వార్ వైపు అలాంటివి చాలా ఉన్నాయి. నీళ్లు వాటి గుండా దిగి కొన్నిచోట్ల సముద్రపు ఒడ్డునే మంచినీటి ఊటలై పైకొస్తాయి, తూర్పున ట్రూ దో దూస్ ఊళ్లో లాగ. అందుకే వాళ్లు బావుల మీద బాగా ఆధారపడ్డారు, పీఠభూమి మీద మార్ ఓ వకోవా లాంటి జలాశయాలూ కట్టుకున్నారు. అక్టోబర్, నవంబర్‌లలో వాటి నీటిమట్టం ఎంతుందో పేపర్లో మొదటి పేజీ వార్త.

ప్రశ్న: గ్రూప్స్‌కి ప్రిపేర్ అవుతున్నాను. మారిషస్ అంటే ఒక్క దీవేనా? రోడ్రిగ్స్, చాగోస్ కూడా అదే అగ్నిపర్వతమా?
– అభ్యర్థి, అనంతపురం

దేశం విస్తీర్ణం 2,040 చ.కి.మీ. అందులో ప్రధాన దీవి 1,865. మిగతాది రోడ్రిగ్స్, అగలేగా, సెయింట్ బ్రాండన్. స్వాతంత్ర్యం 1968 మార్చి 12, రిపబ్లిక్ అయింది 1992లో అదే తేదీన. చాగోస్ తమదని మారిషస్ చాలాకాలంగా పోరాడుతోంది. 2019లో అంతర్జాతీయ న్యాయస్థానం మారిషస్ వైపు అభిప్రాయం చెప్పింది, 2025 మేలో బ్రిటన్ అప్పగింత ఒప్పందం మీద సంతకం చేసింది. పరీక్ష నాటికి ఎంతవరకు వచ్చిందో పేపర్ చూసుకో. భూగర్భశాస్త్రం ప్రకారం మాత్రం చాగోస్ ఇండియా వైపు కుట్టు, పైన వికారాబాద్ అబ్బాయికి రాసిన జవాబు చదువు.

రోడ్రిగ్స్ ఆ వరసలో ఇమడదు. మారిషస్‌కు తూర్పున 550 కి.మీ.కు పైగా దూరంలో, హాట్‌స్పాట్ దారికి పక్కగా ఉంది. రాళ్ల వయసు 15 లక్షల ఏళ్లు మాత్రమే, ఎత్తైన చోటు 400 మీటర్లు కూడా లేదు. లావా దీవిలో సున్నపురాయి గుహలుండటం దాని ప్రత్యేకత. గాలి ఎగరేసిన పగడపు ఇసుక గట్టిపడి రాయి అయితే, వాననీళ్లు దాన్ని తొలిచాయి. పరీక్షలో అడగరు గానీ ఇంకొకటి చెబుతాను. 1883 ఆగస్టులో ఇండోనేషియాలో క్రకటోవా పేలినప్పుడు ఆ శబ్దం సుమారు 4,800 కి.మీ. దూరంలోని ఈ రోడ్రిగ్స్‌లో వినిపించింది. దూరంగా ఫిరంగులు పేలుతున్నట్టుందని అక్కడి పోలీసు అధికారి రాసిపెట్టారు.

వచ్చే నెల కాటేరు, దుద్దుకూరు క్వారీల గురించి. ఆ చుట్టుపక్కల ఊళ్లవాళ్లు గవ్వలున్న సున్నపురాయి ఎక్కడైనా చూసి ఉంటే ఫొటో తీసి పంపండి. పక్కన ఒక పెన్నో నాణెమో పెట్టి తీయండి, లేకపోతే సైజు తెలియదు.